ఇల్లు, షెడ్డు, కాలువ పని: నిర్మాణ తగాదాలో కోర్టుకు ముందు ఏ దారి పట్టాలి?

గోదావరి జిల్లాల్లో ఇల్లు కట్టించుకున్నవారికీ కట్టినవారికీ తేడా వస్తే ముందు వినపడే మాటలు రెండు: "పెద్దల్లో పెడదాం" అని ఒకరు, "కోర్టులో తేల్చుకుందాం" అని ఇంకొకరు. ఈ రెండింటి మధ్య ఇంకో అరడజను దారులున్నాయి. కొన్నింటికి దాదాపు ఖర్చే లేదు. కొన్నింటిలో గడువు దాటితే డబ్బు రావలసి ఉన్నా రాదు. ఒకటి రెండు చట్టప్రకారం తప్పనిసరి. వాటిని దాటేసి దావా వేస్తే ప్లెయింటు (దావా పత్రం) గుమ్మంలోంచే తిరిగొస్తుంది.

దారి ఏదైనా ముందు చేయాల్సిన పని మాత్రం ఒక్కటే. తగాదాకు మూలమైన పని ఇవాళ ఏ స్థితిలో ఉందో ఇద్దరి ఎదుటా కాగితం మీదకు ఎక్కాలి. ఆ కాగితం గట్టిగా ఉంటే పెద్దల దగ్గరైనా వినియోగదారుల కమిషన్‌లోనైనా మాట నిలబడుతుంది. అది లేకపోతే హైకోర్టు దాకా వెళ్లినా "నువ్వన్నావు, నేనన్నాను" దగ్గరే ఆగుతుంది.

పగులు ఒక్క రోజులో తేలదు

డెల్టాలో నిర్మాణ తగాదాలకు మట్టిదే పెద్ద పాత్ర. పల్లపు చేను కొని, లారీ మట్టి తోలి మెరక చేసి, అది దిగేలోపే పునాది తీస్తారు. పునాది సహజ నేలను చేరకుండా మెరక మట్టి మీదే ఆగితే ఇల్లు ఒక పక్కకు దిగుతుంది. కింద నల్లరేగడి బంకమట్టి ఉంటే దాని గొడవ వేరు. వేసవిలో కాలువలు కట్టేసినప్పుడు (నీళ్లు ఆపినప్పుడు) నేలలో నీరు దిగి మట్టి కుంచించుకుపోతుంది, నీళ్లు వదిలి వానలు పడ్డాక ఉబ్బుతుంది. మే నెలలో 3 మి.మీ. ఉన్న పగులు ఆగస్టులో 1 మి.మీ. కావచ్చు. యజమాని మేలో తీసిన ఫొటో, కంట్రాక్టరు ఆగస్టులో తీసిన ఫొటో రెండూ నిజమే కావడం ఇక్కడ మామూలు.

అందుకని పగులుకు అడ్డంగా సన్నని గాజు పట్టీని ప్లాస్టర్ ఆఫ్ పారిస్‌తో అతికించి, పక్కనే తేదీ రాయండి. గాజు పగిలితే పగులు ఇంకా కదులుతున్నట్టు. ఇంకా కచ్చితంగా కావాలంటే పగులుకు రెండు పక్కలా రెండు మేకులు దించి, 15 రోజులకోసారి వెర్నియర్‌తో వాటి మధ్య దూరం కొలిచి రాసుకోండి. కనీసం ఏప్రిల్ నుంచి అక్టోబరు దాకా కొలతలుంటే ఇంజనీరు ఏదైనా గట్టిగా చెప్పగలడు. పునాది పక్కన గొయ్యి తీసి లోతు, అడుగున ఉన్న మట్టి చూడాలంటే మాత్రం కాలువలు కట్టి ఉన్న రోజుల్లోనే వీలవుతుంది. తర్వాత గోతిలో నీళ్లు ఊరిపోతాయి. గొయ్యి ఒక పక్కనే తీయండి. పునాది చుట్టూ తవ్వితే కొత్త నష్టం మీదే అవుతుంది.

పగులు ఆకారం కూడా కొంత చెబుతుంది. కిటికీ, గుమ్మం మూలల నుంచి ఏటవాలుగా పోయేది చాలాసార్లు పునాది ఎగుడుదిగుడుగా దిగడం వల్ల వస్తుంది. పిల్లరూ ఇటుక గోడా కలిసే చోట నిలువుగా ఉన్న సన్నని గీత సాధారణంగా జాలీ (ఇనుప వల) కట్టకుండా ప్లాస్టరింగ్ చేయడం వల్ల. చూడ్డానికి భయంగా ఉన్నా ఇంటికి ప్రమాదం కాదు. పిల్లరులో కడ్డీ పొడవునా పగిలి తుప్పు మరక దిగితే అది అసలు జబ్బు. చేపల, రొయ్యల చెరువులున్న ఊళ్లలోనూ తీరం దగ్గరా బోరు నీళ్లలో ఉప్పుంటుంది. ఇనుమున్న కాంక్రీటుకు వాడే నీళ్లలో క్లోరైడు లీటరుకు 500 మి.గ్రా. మించకూడదని కాంక్రీటు పనుల భారత ప్రమాణం ఐఎస్ 456 చెబుతుంది. పని జరిగిన బోరు నీళ్లు పరీక్షకు పంపడం చవకైన పని. అయినా ఎవరికీ ముందుగా గుర్తురాదు.

కాంక్రీటు బలానికి మూడు పరీక్షలు చేయిస్తుంటారు, మూడూ ఒకటి కాదు. రీబౌండ్ హ్యామర్ (స్ప్రింగు సుత్తితో తట్టి చూసేది) తేలిక, చవక. అయితే పైపొర గట్టిదనాన్నే అది చూపిస్తుంది, పాతబడ్డ కాంక్రీటులో ఉన్నదానికంటే ఎక్కువ చూపిస్తుంది, అంచనాలో 25 శాతం అటూఇటూ ఉండొచ్చు. అల్ట్రాసోనిక్ పరీక్ష (ధ్వని తరంగాలు పంపి చూసేది) లోపలి డొల్లలను పట్టిస్తుంది, బలం అంకెను సరిగా చెప్పదు. వాదనలో నిలబడేది కోర్ (డ్రిల్లుతో కోసి తీసిన గుండ్రటి కాంక్రీటు ముక్క) తీయించడమే. కనీసం 3 కోర్లు తీయాలి. ఘనం లెక్కకు మార్చిన బలం సగటున గ్రేడులో 85 శాతం ఉండాలి, ఏ ఒక్కటీ 75 శాతానికి తగ్గకూడదు. ఎం20 గ్రేడు అయితే సగటు చదరపు మి.మీ.కు 17, ఒక్కోటి కనీసం 15 న్యూటన్లు. ఒకే కోర్ తీయించి 14 వచ్చిందని నోటీసు పంపితే అవతలి ఇంజనీరు దాన్ని ఐదు నిమిషాల్లో కొట్టేస్తాడు. హ్యామర్‌తో బలహీనమైన చోట్లు వెతికి, అక్కడ కోర్లు తీయించడమే డబ్బు ఆదా అయ్యే వరస.

పరీక్షకు తేదీ, సమయం, ఎక్కడెక్కడ ఏం తీస్తారో రాసి అవతలివారికి వారం ముందు తెలియజేయండి. వస్తే నమూనా సంచి మీద వాళ్ల సంతకం, రాకపోతే "పిలిచినా రాలేదు" అని ఇంజనీరు రిపోర్టులో ఒక వాక్యం. ల్యాబుకు ఎన్‌ఏబీఎల్ (ల్యాబులకు గుర్తింపునిచ్చే జాతీయ బోర్డు) గుర్తింపు ఉండాలి, లేదా పేరున్న ఇంజనీరింగ్ కాలేజీ ల్యాబు కావాలి. బావమరిది ఇంజనీరైనా ఆయన రిపోర్టు వద్దు.

స్లాబు పెచ్చులు ఊడి మీద పడే ప్రమాదముంటే ఇంత కాలం ఆగనక్కర్లేదు. మూడు రోజుల నోటీసు ఇచ్చి, ఫొటోలు వీడియో తీసి, ఊడదీసిన కాంక్రీటు, తుప్పు కడ్డీ ముక్కలు సంచిలో కట్టి దాచి, అప్పుడు రిపేరు మొదలుపెట్టండి. సాక్ష్యం లేకుండా కొత్త ప్లాస్టరింగ్ కొట్టించేసి తర్వాత పరిహారం అడిగే యజమానులే ఎక్కువగా ఓడిపోతారు.

కొలతల తగాదా ఇంకో రకం

చదరపు అడుగు రేటుకు కుదిరిన పనుల్లో గొడవ నాణ్యత మీద కంటే విస్తీర్ణం మీదే ఎక్కువ. అడుగు రూ. 1,900 చొప్పున, 1,800 అడుగుల ఇల్లు అనుకుందాం. మొత్తం 34 లక్షల 20 వేలు. చివరికి కంట్రాక్టరు 2,040 అడుగులకు బిల్లు వేస్తాడు: మెట్ల పైగది, బాల్కనీలు, సంపు కలిపి 240 అడుగులు ఎక్కువ. తేడా 4 లక్షల 56 వేలు. బాల్కనీ పూర్తిగా లెక్కా, సగమా? సంపుకు విడిగా ధరా? ఒప్పందంలో రాయకపోతే చుట్టుపక్కల ఆనవాయితీని నిరూపించుకోవాలి.

ఇక్కడ కోర్టు గొడవ చాలావరకు అక్కర్లేదు. ఇద్దరికీ సమ్మతమైన ఒక ఇంజనీరు టేపు పట్టుకుని ఒక రోజు కొలిచి, ఒప్పుకున్న అంశాలు ఒక పేజీలో, ఒప్పుకోనివి ఇంకో పేజీలో రాసి ఇద్దరి సంతకాలూ తీసుకుంటే నాలుగున్నర లక్షల తగాదా తరచు ఒకటి రెండు లక్షలకు దిగుతుంది. నోటిమాటతో చేసిన అదనపు పనికి డబ్బు రాదని యజమానులు అనుకుంటారు. తప్పు. ఊరికే చేసే ఉద్దేశం లేకుండా చేసిన పనిని వాడుకుంటే దానికి తగిన ధర ఇవ్వాలని కాంట్రాక్టు చట్టం సెక్షన్ 70 చెబుతుంది.

వాట్సాప్ సందేశాలు పనికొస్తాయి, స్క్రీన్‌షాట్ ఒక్కటే చాలదు. 2024 జులై 1 నుంచి అమల్లో ఉన్న భారతీయ సాక్ష్య అధినియమ్ సెక్షన్ 63 కింద ధ్రువపత్రం కావాలి. ఫోను మార్చేముందు చాట్ ఎక్స్‌పోర్ట్ చేసి పెట్టండి, పాత ఫోను అమ్మేయకండి. వాయిస్ మెసేజీలు కూడా అందులోకే వస్తాయి. మన కంట్రాక్టర్లు రాయరు, మాట్లాడి పంపుతారు.

ఇక దారులు

*పెద్దల్లో పెట్టడం.* వేగం, చవక, సంబంధాలు తెగవు. ఒకే ఊళ్లో ఉంటూ రేపు మళ్లీ ఎదురుపడేవాళ్లకు ఇదే మొదటి దారి కావడంలో తప్పు లేదు. అయితే అక్కడ రాసుకున్న కాగితం మరో ఒప్పందం మాత్రమే, డిక్రీ (అమలు చేయించుకోగల కోర్టు ఉత్తర్వు) కాదు. అవతలివాడు మాట తప్పితే మళ్లీ మొదటి నుంచే. ఖాళీ ప్రోనోటు మీదా ఖాళీ చెక్కు మీదా సంతకాలు "భరోసాగా" ఇవ్వడం అన్నిటికంటే ప్రమాదం. పోలీస్ స్టేషన్‌లో సెటిల్‌మెంటు అసలే వద్దు. డబ్బు తగాదాకు క్రిమినల్ రంగు పూయడాన్ని సుప్రీంకోర్టు చాలాసార్లు తప్పుపట్టింది.

*లోక్ అదాలత్‌లో ప్రీ లిటిగేషన్ (దావాకు ముందే పెట్టే) అర్జీ.* పెద్దల దగ్గర ఒప్పందం కుదిరితే దాన్ని ఇక్కడికి తీసుకురావడం తెలివైన పని. మీ ఊరి కోర్టు ఆవరణలోని మండల న్యాయ సేవాధికార కమిటీలో అర్జీ ఇవ్వొచ్చు, ఫీజు లేదు. వివరాలకు 15100కు ఫోను చేయొచ్చు. ఇక్కడ వచ్చిన అవార్డు సివిల్ కోర్టు డిక్రీతో సమానం, అప్పీలు లేదు, నేరుగా అమలు పిటిషన్ వేసుకోవచ్చు. బలహీనత ఒకటే: అవతలివారు ఒప్పుకోకపోతే ఏమీ జరగదు, లోక్ అదాలత్ తనంతట తాను తీర్పు చెప్పదు. గడువు ఈలోపు నడుస్తూనే ఉంటుందని అనుకునే ముందుకు వెళ్లండి.

*వినియోగదారుల కమిషన్.* సొంతానికి ఇల్లు కట్టించుకున్నవారికీ ఫ్లాటు కొన్నవారికీ అన్నిటికంటే అనువైనది. 2019 చట్టంలో సేవ అన్న మాటకు ఇచ్చిన అర్థంలోనే గృహనిర్మాణం ఉంది. చెల్లించిన మొత్తం 50 లక్షల లోపైతే జిల్లా కమిషన్, 2 కోట్ల దాకా రాష్ట్ర కమిషన్. పైన చెప్పిన 34 లక్షల ఇంటికి ఫీజు వెయ్యి రూపాయలు. మీరు నివసించే చోటే వేయొచ్చు, కంట్రాక్టరు ఊరికి వెళ్లక్కర్లేదు. ఒప్పందంలో ఆర్బిట్రేషన్ (ఇద్దరూ ఒప్పుకున్న ప్రైవేటు తీర్పరి దగ్గర తేల్చుకోవడం) షరతు ఉన్నా ఈ హక్కు పోదు. చిక్కంతా గడువు దగ్గరే, 2 సంవత్సరాలే. పగులు కొలతలు ఒక ఏడాది, పెద్దల చుట్టూ తిరగడం ఇంకో ఏడాది అయ్యేసరికి ఈ తలుపు మూసుకుంటుంది. రైస్ మిల్లు గోదామో రొయ్యల ప్రాసెసింగ్ షెడ్డో కట్టించినవారు వ్యాపారానికి కట్టించినట్టు లెక్క కాబట్టి ఇటు రాకూడదు.

*రెరా.* రియల్ ఎస్టేట్ నియంత్రణ సంస్థ. బిల్డరు దగ్గర ఫ్లాటు కొన్నవారికి. ప్రాజెక్టు స్థలం 500 చదరపు మీటర్లు దాటినా, ఫ్లాట్లు 8 దాటినా రిజిస్ట్రేషన్ ఉండాలి. స్వాధీనం తీసుకున్న 5 ఏళ్లలోపు నిర్మాణ లోపం బయటపడి, దాన్ని బిల్డరు దృష్టికి తెస్తే 30 రోజుల్లో సొంత ఖర్చుతో సరిచేయాలి. ఈ ఐదేళ్ల మాటే రెరా బలం. వినియోగదారుల కమిషన్‌లో గడువు దాటినవారికి కూడా ఇక్కడ దారి మిగిలి ఉండొచ్చు. సొంత స్థలంలో కంట్రాక్టరుతో కట్టించుకున్నవారికి రెరాతో పని లేదు.

*వాణిజ్య కోర్టు ముందు మధ్యవర్తిత్వం.* మిల్లు యజమానులూ కంట్రాక్టర్లూ ఇది తప్పక తెలుసుకోవాలి. నిర్మాణ ఒప్పందాలు వాణిజ్య కోర్టుల చట్టంలోని జాబితాలో ఉన్నాయి. విలువ 3 లక్షలు, ఆ పైన ఉండి, అత్యవసర ఉత్తర్వు ఏదీ అక్కర్లేకపోతే సెక్షన్ 12ఎ కింద ముందు మధ్యవర్తిత్వానికి వెళ్లి తీరాలి. ఇది తప్పనిసరి అని సుప్రీంకోర్టు 2022లో తేల్చింది. తప్పించుకోవడానికి అక్కర్లేని ఇంజంక్షన్ (నిలుపుదల ఉత్తర్వు) పిటిషన్ జత చేసే ఎత్తు ఇప్పుడు పారడం లేదు. జిల్లా న్యాయ సేవాధికార సంస్థకు వెయ్యి రూపాయలతో దరఖాస్తు. అవతలివారు రాకపోతే ఆ మేరకు రిపోర్టు ఇస్తారు, దానితో దావా వేసుకోవచ్చు. వస్తే 3 నెలల్లో ముగించాలి, ఇద్దరూ ఒప్పుకుంటే ఇంకో 2 నెలలు. మధ్యవర్తి ఫీజు 3 నుంచి 10 లక్షల తగాదాకు 15 వేలు, 50 లక్షల దాకా 30 వేలు, చెరిసగం. ఈ కాలాన్ని గడువు లెక్కలోంచి తీసేస్తారని చట్టమే చెబుతుంది. మామూలు ఇంటి కంట్రాక్టు ఇందులోకి వస్తుందా అన్నది ఒప్పందం రాతను బట్టి ఉంటుంది. మొత్తం 3 లక్షలు దాటితే వచ్చినట్టే అనుకుని దరఖాస్తు పెట్టడం క్షేమం. వెయ్యి రూపాయలకు వెనకాడి, తర్వాత ప్లెయింటు పోగొట్టుకోవడం ఎందుకు?

*ఆర్బిట్రేషన్.* రాతపూర్వక షరతు ఉంటేనే. ఉంటే, దాన్ని పక్కనపెట్టి సివిల్ కోర్టుకు వెళ్లినా అవతలివారు ఆర్బిట్రేషన్ చట్టం సెక్షన్ 8 కింద వెనక్కు పంపించగలరు. సెక్షన్ 21 నోటీసు అవతలివారికి అందిన రోజే ప్రక్రియ మొదలైనట్టు, కాబట్టి దాన్ని మామూలు డిమాండ్ నోటీసులో కలిపేయకుండా ఆర్బిట్రేషన్ కోరుతున్నట్టు స్పష్టంగా రాయాలి. 30 రోజుల్లో ఆర్బిట్రేటరు పేరు మీద ఒప్పుకోకపోతే హైకోర్టుకు వెళ్లాలి. "ఆర్బిట్రేటరు మా మేనేజింగ్ డైరెక్టరే" అన్న పాత షరతులు ఇప్పుడు చెల్లవు. ఖర్చు చూసుకోండి: చట్టంలోని నమూనా పట్టిక ప్రకారం 15 లక్షల క్లెయిముకు 80 వేలు, ఆర్బిట్రేటరు ఒక్కరే అయితే పావు వంతు అదనం, మొత్తం లక్ష. వకీలు ఫీజు వేరే. ఐదారు లక్షల తగాదాకు ఇది బరువు. కోటి దాటిన షెడ్డు పనికి సివిల్ కోర్టు కంటే మేలు.

*ఎంఎస్ఎంఈ ఫెసిలిటేషన్ కౌన్సిల్.* చిన్న పరిశ్రమల బాకీలు తేల్చే సంస్థ ఇది. ఉద్యమ్ (చిన్న పరిశ్రమగా కేంద్రం దగ్గర చేయించుకునే) రిజిస్ట్రేషన్ ఉన్న చిన్న కంట్రాక్టరుకు బిల్లు 45 రోజుల్లో రాకపోతే, బ్యాంకు రేటుకు మూడింతల చక్రవడ్డీతో అడగొచ్చు. అవతలివాడు అవార్డును సవాలు చేయాలంటే 75 శాతం ముందు కట్టాలి. నోరూరించే దారే. కానీ సామగ్రీ కూలీ కలిసిన వర్క్స్ కాంట్రాక్టుకు ఇది వర్తిస్తుందా అన్నదానిపై హైకోర్టుల మాట ఒకటి కాదు. దీన్నే నమ్ముకుని మిగతా గడువులు వదులుకోవద్దు.

నోటీసులో ఏం రాయాలి

నోటీసు తిట్ల పత్రం కాకూడదు. ఒప్పందం తేదీ, చెల్లించిన మొత్తాలు, లోపాల జాబితా గదుల వారీగా, రిపోర్టు నకలు, కోరుకునేది ఏమిటి (రిపేరా, డబ్బా, పని పూర్తి చేయడమా), ఎన్ని రోజుల్లో. రిపేరు కోరితే 15 నుంచి 30 రోజులివ్వండి. అందినట్టు రుజువుండే తపాలాలో, ఒప్పందంలో ఉన్న చిరునామాకు, దాంతోపాటే వాట్సాప్‌లో కూడా. మిగిలిన డబ్బు ఆపుతుంటే ఎంత, ఏ లోపానికి అని రాసి ఆపండి. ఊరికే ఆపితే తప్పు మీవైపే కనిపిస్తుంది.

ఒక పొరపాటు ఎంతమంది చేసినా తగ్గడం లేదు: నోటీసు ఇస్తే గడువు ఆగుతుందనుకోవడం. ఆగదు. సివిల్ దావాకు మామూలుగా 3 ఏళ్లు. గడువు లోపల అవతలివారు సంతకంతో బాకీ ఒప్పుకున్నా, కొంత కట్టినట్టు వాళ్ల రాత ఉన్నా అక్కడి నుంచి కొత్త లెక్క మొదలవుతుంది. చేతిలో చెల్లని చెక్కు ఉన్న కంట్రాక్టరుకు లెక్క ఇంకా బిగువు: బ్యాంకు మెమో అందిన 30 రోజుల్లో నోటీసు, వాళ్లకు 15 రోజులు, ఆ తర్వాత నెలలో ఫిర్యాదు.

కాలువ, డ్రెయిను, లాకు పనులు చేసినవారికి

ప్రభుత్వ పనుల్లో సాక్ష్యం నీళ్ల కింద పోతుంది. కాలువలకు నీళ్లు ఆపి ఉన్న కొద్ది వారాల్లోనే లైనింగు, తూము, లాకు రిపేర్లు జరగాలి. స్థలం ఆలస్యంగా అప్పగించారు, డిజైను మధ్యలో మార్చారు, ఈలోపు నీళ్లు వదిలారు. ఇక అడుగు కొలతలు ఎవరూ తీయలేరు. ఆలస్యం జరిగిన ప్రతి వారం ఏఈకి (అసిస్టెంట్ ఇంజనీరుకు) ఉత్తరం, డీఈకి (డిప్యూటీ ఎగ్జిక్యూటివ్ ఇంజనీరుకు) నకలు, తపాలా ముద్రతో మీ కాపీ. గడువు పొడిగింపు దరఖాస్తు గడువు ముగిసేలోపే. నీళ్లు వదిలే ముందు రోజు పని మొత్తం చైనేజీ (కాలువ పొడవునా దూరపు గుర్తులు) కనిపించేలా వీడియో తీయండి. కొలతల పుస్తకం ఎంబుక్‌లో కొలత తక్కువ రాస్తే సంతకం పక్కనే "అభ్యంతరంతో" అని రాయండి. చివరి బిల్లు మీద "ఇక ఏ క్లెయిమూ లేదు" అన్న ముద్ర ఉంటే సంతకం పెట్టిన అదే రోజు నిరసన లేఖ ఇవ్వండి. నెల తర్వాత ఇస్తే అది ఆలోచించి చేసిన కథగానే చూస్తారు.

ప్రభుత్వ అగ్రిమెంటులో ఆర్బిట్రేషన్ ఉంటుందని అనుకోకండి. తగాదాల షరతు చదివితే పెద్ద మొత్తాలకు సివిల్ కోర్టే అని ఉండొచ్చు. దావాకు ముందు సివిల్ ప్రొసీజర్ కోడ్ సెక్షన్ 80 కింద 2 నెలల నోటీసు ఇవ్వాలి. ఆ రెండు నెలలు గడువులో లెక్కకు రావు.

రాజీ కుదిరితే

"లోపాలు సరిచేయిస్తాడు" అన్న వాక్యాన్ని ఏ కోర్టూ అమలు చేయించజాలదు. ఏ పిల్లర్లు, ఎక్కడి నుంచి ఎక్కడికి పాత కాంక్రీటు కొట్టాలి, కడ్డీ తుప్పు ఎలా తీయాలి, ఏ మసాలా, ఎవరు చూసి సరే అనాలి, ఏ తేదీలోపు, చేయకపోతే ఎన్ని రూపాయలు అని రాయండి. డబ్బు వాయిదాల్లో అయితే ఒక్క వాయిదా తప్పినా మిగతాదంతా వడ్డీతో ఒకేసారి అన్న మాట చేర్చండి. పునాది దిగిన ఇల్లయితే రిపేరు అయ్యాక ఒక వేసవి, ఒక వానాకాలం దాటేదాకా కొంత డబ్బు ఆపి ఉంచండి, గాజు పట్టీలు కూడా అక్కడే ఉంచండి.